గడప దగ్గర సుంకం

1970ల నాటి మోడెమ్ (కంప్యూటర్‌ను టెలిఫోన్ తీగతో కలిపే పరికరం) ఫొటో ఎక్కడైనా కనిపిస్తే ఒకసారి పరకాయించి చూడండి. చిన్న పెట్టె, దాని మీద రెండు రబ్బరు దొప్పలు. టెలిఫోన్ రిసీవర్‌ను తీసి, చెవి వైపు ఒక దొప్పలో, నోటి వైపు మరో దొప్పలో బోర్లించి కూర్చోబెట్టాలి. కంప్యూటర్ కూత పెడితే రిసీవర్ వింటుంది, రిసీవర్ కూత పెడితే కంప్యూటర్ వింటుంది. గదిలో చప్పుడైతే మధ్యలో అక్షరాలు చెడిపోయేవి. ఒక రాగి తీగ కలిపితే తీరిపోయే పనికి ఇంత తంటా ఎందుకు? తన టెలిఫోన్ తీగకు తనది కాని పరికరం ఏదీ తగిలించకూడదని అమెరికాలో టెలిఫోన్ గుత్తసంస్థ ఏటీ అండ్ టీ పెట్టుకున్న నిబంధన వల్ల.

నెట్‌వర్క్ భద్రత కోసమే ఆ నిబంధన అని కంపెనీ చెప్పుకొంది. ఫోన్లో మాట్లాడేది పక్కవారికి వినపడకుండా రిసీవర్‌కు తొడుక్కునే ‘హష్-ఎ-ఫోన్’ అనే గిన్నె వంటి పరికరం ఒకటుండేది. దానివల్ల కూడా టెలిఫోన్ వ్యవస్థకు హాని జరుగుతుందని ఆ మహాసంస్థ ఏళ్ల తరబడి వాదించింది. 1956లో అప్పీలు కోర్టు ఆ వాదనను తోసిపుచ్చింది. ఆ తర్వాత టెక్సస్‌కు చెందిన థామస్ కార్టర్ రేడియోను ఫోన్‌తో కలిపే పరికరం తయారుచేస్తే మళ్లీ అదే గొడవ. 1968లో అక్కడి టెలికాం నియంత్రణ సంస్థ ఎఫ్‌సీసీ కార్టర్ పక్షాన నిలిచింది. ఓడినా కంపెనీ ఊరుకోలేదు. తగిలించుకోండి గానీ మధ్యలో మా రక్షణ పరికరం ఉండాల్సిందేనని మెలిక పెట్టింది. ఆ మెలిక వీడేసరికి దాదాపు మరో దశాబ్దం గడిచింది. 1981లో హేయిస్ సంస్థ నేరుగా తీగకు తగిలే చవకైన మోడెమ్‌తో వచ్చింది. 1990లలో అమెరికాలో వేలకొద్దీ చిన్న ఇంటర్నెట్ కంపెనీలు పుట్టింది ఆ ఫోన్ జాక్‌లో నుంచే.

కంప్యూటర్ రంగంలో కొత్తదనం ఎక్కడి నుంచి వస్తుందన్న చర్చలో మేధావుల పేర్లు, పెట్టుబడుల అంకెలు ఎక్కువగా వినిపిస్తాయి. గడప దగ్గర కూర్చున్నదెవరు, లోపలికి వచ్చేవారి నుంచి ఎంత వసూలు చేస్తున్నారు అన్నది ముందుగా అడగాల్సిన ప్రశ్న అని మా అభిప్రాయం.

గుత్తసంస్థల తరఫున చెప్పదగ్గ మాట లేకపోలేదు. రేడియోలకూ కంప్యూటర్లకూ ప్రాణమైన ట్రాన్సిస్టర్ 1947 డిసెంబరులో పుట్టింది ఏటీ అండ్ టీ వారి పరిశోధనశాల బెల్ ల్యాబ్స్‌లోనే. పోటీ భయం లేని ఆదాయం ఉండబట్టే అక్కడి శాస్త్రవేత్తలు ఏళ్ల తరబడి నింపాదిగా పనిచేయగలిగారు. దాన్ని మేమూ కాదనం. అయితే ఆ ట్రాన్సిస్టర్ జనం జేబుల్లోకి చేరిన తీరు వేరు. గుత్తాధిపత్య నిరోధక శాఖ కత్తి తల మీద వేలాడుతుండగా, 1952లో బెల్ (ఏటీ అండ్ టీ వ్యవస్థకు వాడుక పేరు) 25 వేల డాలర్లకు ఆ పరిజ్ఞానాన్ని ఇతరులకు ఇచ్చింది. అలా తీసుకున్న టెక్సస్ ఇన్‌స్ట్రుమెంట్స్ ట్రాన్సిస్టర్లతో 1954లో జేబు రేడియో వచ్చింది. తర్వాత సోనీగా పేరు మార్చుకున్న చిన్న జపాన్ కంపెనీ కూడా ఆ లైసెన్సుతోనే ఎదిగింది. 1956 జనవరిలో ప్రభుత్వంతో కుదిరిన రాజీ ఒప్పందంతో బెల్ తన పాత పేటెంట్లను, ఏడు వేలకు పైగా ఉన్నవాటిని, దాదాపు అందరికీ రాయల్టీ లేకుండా ఇవ్వాల్సి వచ్చింది. టెలిఫోన్ వ్యాపారం దాటి అడుగు పెట్టకూడదన్న షరతూ పడింది. అందువల్లే 1969లో అక్కడ మొదలైన యునిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్‌ను సరుకుగా అమ్ముకోలేక, విశ్వవిద్యాలయాలకు నామమాత్రపు రుసుముకు ఇచ్చింది. కాలిఫోర్నియాలోని బర్క్‌లీ విశ్వవిద్యాలయంలో దానికి కంప్యూటర్లు ఒకదానితో ఒకటి మాట్లాడుకునే ఇంటర్నెట్ భాషను జోడించారు. మిగతాది చరిత్ర.

ఆ పేటెంట్ల మీద ఆధారపడి తర్వాత ఎవరెవరు ఏమేం కనిపెట్టారో ఆర్థికవేత్తలు లెక్కతీశారు. ఒప్పందం తర్వాత కొత్త ఆవిష్కరణలు పెరిగాయి, పెంచింది ఎక్కువగా చిన్న సంస్థలు, కొత్త సంస్థలు. ఒక్క టెలిఫోన్ పరికరాల రంగంలో మాత్రం ఆ పెరుగుదల కనిపించలేదు. ఎందుకంటే అక్కడ పేటెంట్ చేతికొచ్చినా సరుకు కొనేవాడు బెల్లే. రబ్బరు దొప్పలు ఆ రంగానివే మరి.

మనకు మరీ దగ్గరి ఉదాహరణ ఐబీఎం. 1969కి ముందు ఆ సంస్థ కంప్యూటర్ యంత్రంతో పాటే సాఫ్ట్‌వేర్‌నూ కలిపి ఇచ్చేది, దానికి విడిగా ధర లేదు. గేదెను కొంటే పలుపు ఉచితమైనప్పుడు పలుపులమ్మే దుకాణం ఎవరు పెడతారు? 1969 జనవరిలో అమెరికా న్యాయశాఖ గుత్తాధిపత్యం కేసు వేసింది, జూన్‌లో ఐబీఎం ధరలు విడదీసింది. కేసు భయంతోనేనా, సొంత లెక్కలతోనా అన్నది ఇప్పటికీ చర్చే. ఏమైతేనేం, సాఫ్ట్‌వేర్ విడిగా అమ్మే సరుకైంది, రాసేవారికి విడిగా పని దొరికింది. మూడు దశాబ్దాల తర్వాత అమీర్‌పేటలో కిక్కిరిసిన గదుల్లో కూర్చుని కోబాల్ భాష, మెయిన్‌ఫ్రేమ్ అనే పెద్ద కంప్యూటర్ల పని నేర్చుకుని, 2000 సంవత్సరం రాగానే కంప్యూటర్లలో తేదీలు తప్పకుండా చేసే వై2కే సవరణల కోసం విమానం ఎక్కిన మన పిల్లల జీతాలకు మూలం వెతికితే ఆ ధరల పట్టిక దాకా వెళ్లాలి.

మన గడప సంగతీ చెప్పుకోవాలి. 1995 ఆగస్టు 15న ప్రభుత్వ సంస్థ విదేశ్ సంచార్ నిగమ్ ప్రజలకు ఇంటర్నెట్ ఇచ్చినప్పుడు, బొమ్మలతో సహా చూడగలిగే కనెక్షన్ వ్యక్తులకు 250 గంటలకు 15 వేల రూపాయలు. అది నాడు ఓ గుమాస్తా నాలుగైదు నెలల జీతం. ప్రైవేటు సంస్థలకు తలుపు తీసింది 1998 నవంబరులో. మాదాపూర్‌లో సైబర్ టవర్స్ ప్రారంభమైందీ ఆ నెలలోనే.

ఇప్పుడు గడపలు మారాయి. ఆండ్రాయిడ్ ఫోన్‌లో యాప్ అమ్ముకోవాలంటే చాలావరకు గూగుల్ ప్లే స్టోర్ గుండానే పోవాలి, డిజిటల్ సేవలకు 15 నుంచి 30 శాతం దాకా కమీషన్ కడుతూ వచ్చారు. 2022 అక్టోబరులో మన కాంపిటీషన్ కమిషన్ గూగుల్‌కు ఆండ్రాయిడ్ వ్యవహారంలో 1,337.76 కోట్లు, యాప్‌లలో చెల్లింపులకు తన ప్లే బిల్లింగ్‌నే వాడాలన్న వ్యవహారంలో 936.44 కోట్ల జరిమానా వేసింది. రెండోదాన్ని 2025 మార్చిలో అప్పీలు ట్రైబ్యునల్ 216.69 కోట్లకు తగ్గించింది. అంకెల కన్నా తేదీలే మమ్మల్ని కలవరపెడుతున్నాయి. రెండున్నరేళ్లలో ఒక స్టార్టప్ పుట్టి, అప్పులపాలై, మూతపడవచ్చు కూడా. యాప్‌ల విషయంలోనూ తరచూ వినిపించే సమర్థన వినియోగదారుల భద్రతే. ఆ మాట విన్నప్పుడల్లా హష్-ఎ-ఫోన్ గుర్తుకు రావడం మా తప్పు కాదు.

కృత్రిమ మేధలో ఇదే కథ మరింత పెద్ద ఎత్తున నడుస్తోంది. నేటి చాట్‌బాట్లన్నిటికీ పునాది అయిన పద్ధతిని 2017లో గూగుల్ పరిశోధకులు ఎనిమిది మంది ప్రచురించారు. దాన్ని జనం ముందు సంచలనంగా నిలబెట్టింది మాత్రం 2022 నవంబరులో చాట్‌జీపీటీతో ఓపెన్‌ఏఐ. సెర్చి ప్రకటనలతో నిండుగా ఉన్న ఇల్లు తన గోడనే పగలగొట్టుకోవడానికి తొందరపడకపోవడం సహజమే. ఈ కొత్తవారైనా స్వతంత్రులేనా? ఓపెన్‌ఏఐలో మైక్రోసాఫ్ట్ డబ్బు, మరో కృత్రిమ మేధ సంస్థ ఆంత్రోపిక్‌లో అమెజాన్, గూగుల్ డబ్బు. ప్రపంచ క్లౌడ్ (కంప్యూటర్ శక్తిని అద్దెకిచ్చే) వ్యాపారంలో సగానికి పైగా ఈ మూడు సంస్థలదే. పెట్టుబడిగా ఇచ్చిన దానిలో పెద్ద భాగం క్లౌడ్ బిల్లుగా ఇంటికి తిరిగొస్తుంది. ఇచ్చే చేయీ, పుచ్చుకునే చేయీ ఒకటే.

ప్రభుత్వాలకు మార్గం తెలియక కాదు. ఐరోపా సమాఖ్య డేటా చట్టం ప్రకారం 2027 జనవరి నుంచి ఒక క్లౌడ్ నుంచి మరొక దానికి మారేవారిపై రుసుము వేయకూడదు. మన యూపీఐ కూడా తెరిచిన తలుపే. ఏ బ్యాంకు ఖాతా అయినా ఏ యాప్‌తోనైనా పలకాలన్న ఒక్క నియమం టీ కొట్టు దాకా చెల్లింపులను తీసుకెళ్లింది. అక్కడా రెండు యాప్‌లే దాదాపు 80 శాతం లావాదేవీలు పట్టుకున్నాయి. ఒక్కో యాప్‌కు 30 శాతం పరిమితి అని 2020లో ప్రకటించి, గడువును 2026 చివరిదాకా జరుపుకుంటూ వచ్చారు.

ఇండియాఏఐ మిషన్‌కు కేంద్రం 10,372 కోట్లు కేటాయించి, కృత్రిమ మేధ మోడళ్ల తయారీకి కావలసిన చిప్‌ల సేవను సబ్సిడీ ధరకు అందిస్తోంది. మంచిదే. ఆ డబ్బుతో తయారయ్యే మోడళ్లనూ, తెలుగు వంటి భాషల డేటానూ ఎవరైనా వాడుకునేలా బయట పెట్టాలన్న షరతు రాతపూర్వకంగా ఉండాలి. లేకుంటే జనం సొమ్ముతో మరో గడప కట్టినట్టే.

ఇక డిజిటల్ పోటీ బిల్లు. నష్టం జరిగాక జరిమానా వేయడం కాకుండా, పెద్ద వేదికలు ఏమి చేయకూడదో ముందే చెప్పాలన్న ఉద్దేశంతో 2024 మార్చిలో ముసాయిదా వెలువడింది. ఎంత పెద్ద సంస్థలకు ఇది వర్తించాలో చెప్పే పరిమాణపు గీత వల్ల, ఎదుగుతున్న దేశీ సంస్థలూ చిక్కుకుంటాయన్న అభ్యంతరంలో పస ఉంది. అలాగైతే గీతను జరపండి, బిల్లును అటకెక్కించకండి. ఆ నెల మొదట్లోనే గూగుల్ బిల్లింగ్ తగాదాలో పది భారతీయ కంపెనీల యాప్‌లను తొలగించింది. భారత్ మ్యాట్రిమొనీ, నౌకరీ వంటివి మాయమయ్యాయి. కేంద్ర మంత్రి కలగజేసుకున్నాక కొద్ది రోజుల్లోనే తిరిగొచ్చాయి. అవి పేరున్న కంపెనీలు గనుక మంత్రి దాకా మాట వెళ్లింది. విజయవాడలో ఇద్దరు కుర్రాళ్లు అద్దె గదిలో కూర్చుని చేసిన యాప్‌కు అదే గతి పడితే ఢిల్లీలో ఎవరికీ తెలియదు. వారికి కావలసింది చట్టంలో ఒక సెక్షన్, ఫిర్యాదు తేల్చడానికి రోజుల్లో ఒక గడువు.