ఒకటిన్నరకు బస్సు దగ్గర

డిసెంబరు చివరి వారంలో మెక్సికోలోని కాన్‌కూన్ సముద్రతీరాన నిలబడి "ఏమండీ" అని గట్టిగా పిలిస్తే కనీసం నలుగురు భర్తలు వెనక్కి తిరుగుతారు. డల్లాస్ నుంచి విమానంలో మూడు గంటలలోపే చేరిపోవచ్చు. అమెరికా వీసా ఉన్న భారతీయులకు మెక్సికో వీసా అక్కర్లేదు. హోటలుకు ఒకసారి డబ్బు కట్టేస్తే మూడు పూటలా తిండికి మళ్లీ జేబులో చెయ్యి పెట్టనక్కర్లేదు. ఇన్ని సుగుణాలున్న ఊరికి తెలుగువాళ్లు వెళ్లకుండా ఎలా ఉంటారు?

అయితే ఇండియా నుంచి వచ్చిన పెద్దవాళ్లు వెంట ఉంటే సముద్రం ఒక్కటీ సరిపోదు. మా మామగారు రిటైరైన స్టేషన్ మాస్టరు. తొలిరోజు ఇసుకలో కుర్చీ వేయించుకుని, అలలను కాసేపు తనిఖీ చేసి, "బాగుంది. తర్వాత?" అన్నారు. ఆ 'తర్వాత'కు జవాబుగా మా తోడల్లుడు చిచెన్ ఇట్జా యాత్ర బుక్ చేశాడు. ప్రాచీన మాయా నగరం, 1988 నుంచి యునెస్కో వారసత్వ స్థలం, ఏసీ బస్సు, గైడు, మధ్యాహ్న భోజనం, పొద్దున వెళ్లి రాత్రికి తిరిగి రావడం.

తోడల్లుడు ఏ పనినీ ప్రణాళిక లేకుండా చేయడు. ఏ గంటకు ఎక్కడ ఉండాలో, ఏ గంటకు ఎవరు బాత్రూముకు వెళ్లాలో పట్టిక వేసి అందరికీ ముందురోజు రాత్రే పంపాడు. పట్టిక చివర ఎర్ర అక్షరాల్లో ఒక హెచ్చరిక: రోమింగ్ ఛార్జీలు పడతాయి కనుక హోటల్ దాటగానే అందరూ ఫోన్లను ఎయిర్‌ప్లేన్ మోడ్‌లో పెట్టాలి. పెట్టాం. ఆయన స్వయంగా ఒక్కొక్కరి ఫోనూ తీసుకుని చూశాడు కూడా.

ఇక్కడ మీకో సంగతి చెప్పాలి. మాకు ఆ రోజు మధ్యాహ్నం దాకా తెలియలేదు గానీ, మీకు ముందే తెలిస్తే మరింత బాగుంటుంది. కాన్‌కూన్ ఉన్నది కింతానా రో రాష్ట్రంలో. చిచెన్ ఇట్జా ఉన్నది పక్కనున్న యూకతాన్ రాష్ట్రంలో. పర్యాటకులకు సాయంత్రంపూట ఇంకాస్త ఎండ దొరకాలని 2015లో కింతానా రో తన గడియారాన్ని ఒక గంట ముందుకు జరుపుకుంది. యూకతాన్ జరపలేదు. అంటే బస్సు సరిహద్దు దాటగానే ఒక గంట వెనక్కి పోతుంది. సీట్లో కూర్చున్నవాళ్లకు కుదుపు కూడా తెలియదు.

గైడు ఈ విషయం చెప్పలేదని అనలేం. ఆయన మాయా జాతివాడే. మైకు అందుకోగానే "మాఅలోబ్ కీన్" అని తన భాషలో శుభోదయం పలికి, "మాయావాళ్లు మాయమైపోయారని మీరంతా పుస్తకాల్లో చదివి ఉంటారు. మాయమైనవాణ్ణి పొద్దున్నే లేచి మీకోసం వచ్చాను" అన్నాడు. దక్షిణాన ఉన్న పెద్ద నగరాలు తొమ్మిదో శతాబ్దంలో పాడుపడ్డాయి గానీ మనుషులు ఎక్కడికీ పోలేదనీ, ఇంట్లో వాళ్లమ్మతో ఇప్పటికీ మాయా భాషలోనే మాట్లాడతాననీ చెప్పాడు. మంచి మాటకారి. కాకపోతే ప్రతి విషయాన్నీ మొదట స్పానిష్‌లో పది నిమిషాలు చెప్పి బస్సు ముందు భాగాన్ని పొట్ట చెక్కలయ్యేలా నవ్వించేవాడు. అదే విషయాన్ని ఇంగ్లీషులో రెండు వాక్యాల్లో ముగించేవాడు. మిగతా తొమ్మిది నిమిషాల్లో ఏం చెప్పాడా అని వెనక సీట్లలో మేం మొహాలు చూసుకునేవాళ్లం. ఆ గంట సంగతి ఆ తొమ్మిది నిమిషాల్లోనే ఎక్కడో పోయింది.

దాదాపు రెండు వందల కిలోమీటర్లు ప్రయాణించి చేరాం. చెట్ల మధ్య నుంచి నడుస్తూ ఒక్కసారిగా మైదానంలోకి వస్తే ఎదురుగా కుకుల్కాన్ పిరమిడ్. ఫోటోల్లో ఎన్నిసార్లు చూసినా ఆ క్షణంలో నోరు మూతపడుతుంది. మా తోడల్లుడు కూడా కాసేపు ఏమీ మాట్లాడలేదు.

గైడు లెక్కలు మొదలుపెట్టాడు. నాలుగు వైపులా మెట్లు, వైపుకు 91. అన్నీ కలిపితే 364. పైన గుడి ఉన్న అరుగు ఇంకొకటి. మొత్తం 365. తొమ్మిది అంతస్తులను మెట్లవరుస రెండుగా చీలుస్తుంది కనుక పద్దెనిమిది, అవి వాళ్ల నెలలు. నెలకు ఇరవై రోజులు, మిగిలిన ఐదు రోజులు అశుభం. ఇది కాక 260 రోజుల పూజా పంచాంగం వేరే. రెండూ కలిసి తిరిగి మొదటి చోటికి రావడానికి 52 ఏళ్లు. మార్చిలోనూ సెప్టెంబరులోనూ పగలూ రాత్రీ సమానమయ్యే రోజుల్లో మెట్ల అంచు మీద పాము దిగుతున్నట్టు నీడ పడుతుంది. శుక్రగ్రహం 584 రోజుల గమనాన్ని దూరదర్శిని లేకుండా, కంటితో చూసి పట్టేశారు.

మామగారు పరవశించిపోయారు. "మనకు అరవై ఏళ్లకు ప్రభవ తిరిగొస్తుంది, వీళ్లకు యాభై రెండుకు. చూశారా అల్లుడుగారూ, సమయపాలన అంటే ఇదీ. నీడ కూడా టైముకే రావాలి. ఇలాంటివాళ్లు మా డివిజన్‌లో నలుగురుంటే చాలు..." అని నిట్టూర్చారు.

ఆ పక్కనే నాలుగైదు గుంపులు పిరమిడ్‌కు ఎదురుగా నిలబడి చప్పట్లు కొడుతున్నాయి. "ఎవరికి సన్మానం?" అని అడిగారు అత్తగారు. మెట్ల ముందు చప్పట్లు కొడితే ప్రతిధ్వని కెట్సాల్ అనే పక్షి కూతలా వినిపిస్తుంది. నిజంగానే వినిపించింది. మెట్లు ఎక్కి చూద్దామంటే ఏళ్ల క్రితమే నిషేధించారు. చుట్టూ తాడు కట్టి ఉంది. అలిపిరి మెట్లు నడిచి ఎక్కిన అత్తగారు ఈ తొంభై ఒక్క మెట్ల వైపు చూసి, "ఎక్కనివ్వనప్పుడు ఇన్ని కట్టడం దేనికి?" అన్నారు.

చివరికి గైడు చేతిలోని ఎర్ర గొడుగు పైకెత్తి ప్రకటించాడు. స్పానిష్‌లో చాలాసేపు. ఇంగ్లీషులో: "ఇక మీరు స్వేచ్ఛగా తిరగండి. ఒకటిన్నరకు బస్సు దగ్గర."

తోడల్లుడు ఫోను చూశాడు. ఒంటిగంట.

"అరగంటే ఉంది! పరుగెత్తండి!"

ఆ తర్వాత మేం చూసిన మాయా నాగరికత అంతా పరుగులోనే. బంతాట మైదానం పొడవు 168 మీటర్లు. అప్పట్లో ఆటగాళ్లు చేతులు వాడకుండా తుంటితో రబ్బరు బంతిని కొట్టేవాళ్లు. గోడకు ఆరు మీటర్ల ఎత్తున రాతి వలయాలున్నాయి. వాటిలో బంతి దూర్చడం ఎంత కష్టమో ఆలోచించే తీరిక మాకు లేదు. అక్కణ్ణుంచి పవిత్ర సెనోటేకు దారి. యూకతాన్‌లో నేలంతా సున్నపురాయి, నదులు పైన పారవు, నీరంతా భూమి కింద ఉంటుంది. పైకప్పు కూలిన చోట ఇలాంటి గుండ్రటి గుండాలు ఏర్పడతాయి. బంగారం, పచ్చరాళ్లు, మనుషులను కూడా వానదేవుడికి సమర్పించిన గుండం అది. అంచున మేం నిలబడింది ఒక ఫోటోకు సరిపడేంతసేపు. ఆ ఫోటోలో మా ఆవిడ మొహం ఒక పక్కకు తిరిగి ఉంటుంది, తోడల్లుడి చెయ్యి మాత్రం స్పష్టంగా పడింది.

దారికి రెండు వైపులా దుకాణాలు. "దాదాపు ఉచితం! దాదాపు ఉచితం!" అని పిలుపులు. తోడల్లుడి కొడుకు చిరుతపులిలా గాండ్రించే ఒక ఊదుడు బొమ్మ కొనిపించుకున్నాడు. పరుగెడుతూ ఊదాడు. మా ముందున్న జనం వాళ్లంతట వాళ్లే పక్కకు తప్పుకున్నారు. ఆ ఒక్క ఖర్చుకూ తోడల్లుడు ఇంతవరకూ ఎప్పుడూ బాధపడలేదు.

శుక్రుణ్ణి చూడ్డానికి కట్టిన గుండ్రటి గోపురం, కారకోల్, చూడనేలేదు. టైము లేదు.

పార్కింగ్ స్థలానికి రొప్పుతూ చేరేసరికి ఫోనులో సరిగ్గా ఒకటిన్నర. తెల్ల బస్సులు డజన్లకొద్దీ ఉన్నాయి. మా బస్సు ఆగినచోట మా బస్సు లేదు.

మా ఆవిడ తన చేతి గడియారం చూసుకుని, "ఇంకా పన్నెండున్నరే కదా బావగారూ" అంది.

"అది డల్లాస్ టైమమ్మా. దిగగానే మార్చుకోమని పట్టికలో రాశాను."

మామగారు తమ హెచ్.ఎం.టి. గడియారం చూశారు. ఇండియా విడిచి వచ్చినా అందులో ఇండియా టైము మార్చలేదు. "ఇంటి దగ్గర సరిగ్గా అర్ధరాత్రి పన్నెండు" అన్నారు, ఎవరికైనా ఉపయోగపడుతుందేమోనని.

మూడు గడియారాలు, మూడు టైములు. చలికాలంలో డల్లాస్‌కూ యూకతాన్‌కూ ఒకటే టైము. ఏమీ మార్చకుండా ఊరుకున్న మా ఆవిడ గడియారమే అక్కడ సరైన టైము చూపిస్తోంది. ఆ మాట ఆవిడకూ తెలియదు కాబట్టి వాదించలేదు. ఇప్పుడు తెలుసు. వారానికొకసారి గుర్తుచేస్తుంది.

అంతలో ఒక తెల్ల బస్సు కదిలింది. "అదే మనది!" అని తోడల్లుడు దాని వెంట పడ్డాడు. పిల్లవాడు చిరుతపులి ఊదాడు. బస్సు ఆగింది. తలుపు తెరుచుకోగానే మమ్మల్నందరినీ లోపలికి తోశాడు. మా సీట్లలో ఎవరో జర్మన్ దంపతులు కూర్చుని ఉన్నారు. "ఇది మా సీటు" అన్నాడు తోడల్లుడు ఇంగ్లీషులో. వాళ్లు మర్యాదగా కిటికీ వైపు జరిగి చోటిచ్చారు కూడా. మామగారు కూర్చుని, సీటు ముందుకంటే మెత్తగా ఉందన్నారు. ఆ బస్సు గైడు తలలు లెక్కపెట్టాడు. మళ్లీ లెక్కపెట్టాడు. యాత్రికులు తగ్గితే ఏం చేయాలో వాళ్లకు తెలుసు, పెరిగితే ఏం చేయాలో ఏ నిబంధనల్లోనూ ఉన్నట్టు లేదు.

"మీరు మెరిదా వెళ్లాలా?" అని అడిగాడు చివరికి.

దిగాం. దిగాక తోడల్లుడు కూడా తలలు లెక్కపెట్టాడు. ఒకటి తక్కువ.

"అమ్మ ఏదీ?" అంది మా వదినగారు.

బంతాట మైదానంలో ఉన్నారని ఒకరు, సెనోటే దగ్గర చూశామని ఇంకొకరు. నిజానికి పరుగు మొదలైనప్పటి నుంచీ ఆవిణ్ణి ఎవరూ చూడలేదు. మామగారి మొహంలో రంగు మారింది. తోడల్లుడు రోమింగ్ ఛార్జీలు లెక్కచేయకుండా ఫోను ఆన్ చేశాడు. సిగ్నల్ అందుకోగానే ఫోనులో ఒకటీ నలభై కాస్తా పన్నెండూ నలభై అయింది. ఆయన దాన్ని తట్టి, ఊదాడు. చెడిపోయిందనుకుని నా ఫోను అడిగాడు. అదీ చెడిపోయింది.

ప్రవేశద్వారం పక్కన ఒక చెట్టు నీడలో ఎర్ర గొడుగు కనిపించింది. దాని కింద మా గైడు. పక్కన మా అత్తగారు. ఇద్దరి మధ్యా అల్యూమినియం రేకులో పులిహోర. సూట్‌కేసులో చిన్న రైస్ కుక్కర్ లేకుండా ఆవిడ దేశాలు దాటరు. గైడు ఎండుమిరపకాయను కొసతో పట్టుకుని నములుతూ, మిరప మొదట మా నేలదే, పోర్చుగీసువాళ్లు పడవల్లో మీకు చేరవేశారు అని ఇంగ్లీషులో చెబుతున్నాడు. ఇంగువ కొంచెం తగ్గిందని ఆవిడ తెలుగులో చెబుతున్నారు. సంభాషణ చక్కగా సాగుతోంది.

"ఇంత తొందరగా వచ్చేశారేమిటి?" అన్నాడు గైడు మమ్మల్ని చూసి. "ఇంకా నలభై ఐదు నిమిషాలుంది. డ్రైవరు డీజిల్ కోసం వెళ్లాడు."

"మీరు ఎక్కడికి పోయారండీ అత్తయ్యగారూ?" అని తోడల్లుడు దాదాపు అరిచాడు.

"ఎక్కడికీ పోలేదు బాబూ. ఈ అబ్బాయి లేకుండా బస్సు కదలదు కదా అని ఇతని వెనకే ఉన్నాను. గుండ్రటి గోపురం కూడా చూపించాడు. చాలా బాగుంది. మీరు చూశారా?"

ఎవరూ మాట్లాడలేదు. మళ్లీ లోపలికి వెళ్లాలంటే గేటు దగ్గర వరుస రోడ్డు దాకా ఉంది. మామగారు గైడు దగ్గరికి వెళ్లి, పాత ఉద్యోగపు గొంతుతో, "ఒకే దేశం. ఒకే రోడ్డు. రెండు టైములు. అరుణాచల్ నుంచి గుజరాత్ దాకా మాకు ఒకటే గడియారం. మా రైల్వేలో ఇలా టైము చెప్పి ఉంటే ఛార్జిషీటు ఇచ్చేవాణ్ణి" అన్నారు. గైడు వినయంగా తలూపి, స్పానిష్‌లో వివరంగా చెప్పానన్నాడు.

భోజనం, ఇంకో సెనోటేలో పిల్లవాడి ఈత, వెండి ఉంగరాల దుకాణంలో బలవంతపు విరామం అన్నీ యథావిధిగా జరిగాయి. చీకటి పడ్డాక సరిహద్దు దాటాం. ఈసారి గైడు ఇంగ్లీషులోనే ముందు చెప్పాడు, ఒక గంట ముందుకు జరుపుకోమని. పొద్దున ఇచ్చిన గంట సాయంత్రం తీసుకున్నారు, లెక్క సరిపోయిందన్నారు మామగారు. తోడల్లుడు ఒప్పుకోలేదు. ఇచ్చిన గంటను పార్కింగ్‌లో నిలబెట్టి ఖర్చుచేయించారు, తీసుకున్నది మాత్రం సెలవుల్లోంచి తీసుకున్నారు, కనుక నికరంగా నష్టమే అని హోటల్ దాకా వాదించాడు.

డల్లాస్ చేరాక ఇంటర్నెట్‌లో సమీక్ష రాశాడు. పిరమిడ్ అద్భుతం, గైడు విజ్ఞుడు, సమయం విషయంలో స్పష్టత లేదు, ఒక నక్షత్రం తగ్గిస్తున్నాను. టూరు కంపెనీవాళ్లు వెంటనే జవాబిచ్చారు. మీకు కలిగిన అసౌకర్యానికి చింతిస్తున్నాం, దయచేసి ఉదయం తొమ్మిది నుంచి సాయంత్రం ఐదు మధ్య మా కార్యాలయానికి ఫోన్ చేయండి అని.

తోడల్లుడు ఆ జవాబును నాకు పంపి, కింద రాశాడు: "ఏ తొమ్మిది?"