పేలింది సీసియం కాదు

నీళ్లు నిండిన స్నానాల తొట్టెలోకి సీసియం అనే లోహపు ముక్క పడుతుంది. మరుక్షణం చెవులు చిల్లులు పడే శబ్దంతో తొట్టె బద్దలవుతుంది, వ్యాఖ్యాతలు కేరింతలు కొడతారు. బ్రిటన్‌లోని స్కై వన్ ఛానల్ 2003 నుంచి 2008 వరకు ప్రసారం చేసిన ‘బ్రెయినియాక్: సైన్స్ అబ్యూస్’ అనే హాస్య విజ్ఞాన కార్యక్రమంలో ఎక్కువమందికి గుర్తుండిపోయిన దృశ్యాల్లో ఇదొకటి. అయితే అక్కడ పేలింది సీసియం కాదనీ, అసలు లోహం ఆశించినంత హంగామా చేయకపోవడంతో పేలుడు పదార్థం అమర్చి ఆ దృశ్యాన్ని తీశారనీ 2006లో గార్డియన్ పత్రికలోని తన శీర్షికలో బెన్ గోల్డేకర్ బయటపెట్టాడు.

ఈ ఉదంతాన్ని పట్టుకుని, నవ్వించబోతే సైన్స్‌కు పట్టే గతి ఇదేనని తీర్మానించేవారితో నేను ఏకీభవించను. విజ్ఞాన ప్రదర్శనకు వినోదం కొత్తగా అంటిన తెగులు కాదు. లండన్‌లోని రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో 1825లో మొదలైన క్రిస్మస్ ఉపన్యాసాలకు జనం వెళ్లింది బల్ల మీద జరిగే తమాషా చూడడానికి కూడా. అక్కడే మైకేల్ ఫారడే ఒక్క కొవ్వొత్తిని ముందు పెట్టుకుని ఆరు ఉపన్యాసాలు నడిపాడు. రిచర్డ్ హామండ్ వ్యాఖ్యాతగా మొదలైన బ్రెయినియాక్‌లో ఆ గాంభీర్యం మచ్చుకైనా లేదు. కారవాన్లను పేల్చేవారు, మైక్రోవేవ్ ఓవెన్‌లో పెట్టకూడనివన్నీ పెట్టి చూసేవారు. అది వెకిలిగా ఉందనవచ్చు గానీ, వెకిలితనం అబద్ధం కాదు.

పైగా అదే కార్యక్రమంలో నవ్వూ సైన్సూ విడదీయరానంతగా కలిసిపోయిన ఘట్టం ఉంది. ఈతకొలను నిండా కస్టర్డ్ పోసి, దాని మీద జాన్ టికిల్ అనే సహ వ్యాఖ్యాతను నడిపించారు. చకచకా అడుగులు వేసినంతసేపూ అతడు గట్టి నేల మీద ఉన్నట్టే ఉన్నాడు. ఆగి నిలబడగానే మునగడం మొదలైంది. మన ఇళ్లలో ఫ్రూట్ సలాడ్‌కు వాడే కస్టర్డ్ పౌడర్‌లో కూడా ఉండేది ప్రధానంగా మొక్కజొన్న పిండే కాబట్టి, గిన్నెడు పిండిని కొద్దిపాటి చన్నీళ్లతో చిక్కగా కలిపి ఎవరైనా సరిచూసుకోవచ్చు. పిడికిలితో గుద్దితే గోడను గుద్దినట్టుంటుంది, అదే వేలిని నెమ్మదిగా దించితే అడుగు దాకా దిగిపోతుంది. ఒక్కసారిగా ఒత్తిడి పడినప్పుడు పిండి రేణువుల మధ్య నుంచి నీరు తప్పుకునే వ్యవధి ఉండదు. రేణువులు ఒకదానికొకటి ఒరుసుకుని బిగుసుకుపోతాయి. టికిల్ మునగడంలో నవ్వు ఉంది, నవ్వుకు కారణమైన సూత్రమూ అందులోనే ఉంది. ఎవరూ ఏదీ కల్పించనక్కర్లేకపోయింది.

సీసియం దగ్గర ఆ ఓపిక కొరవడింది. మన ఇంటర్ విద్యార్థులకు కూడా పరిచితమైన పాఠమే ఇది. లిథియం, సోడియం, పొటాషియం, రుబీడియం, సీసియం, ఇలా ఆవర్తన పట్టికలో కిందికి దిగేకొద్దీ నీటితో చర్య జరపడంలో ఈ క్షార లోహాల చురుకుదనం పెరుగుతుంది. కాబట్టి పేలుడూ అదే లెక్కన పెరగాలని ప్రేక్షకుడు అనుకుంటాడు, నిర్మాతలూ అదే అనుకున్నట్టున్నారు. కానీ చర్య ఎంత వేగంగా మొదలవుతుందన్నది ఒకటి, గ్రాము లోహం నీటిని తాకినప్పుడు ఎంత హైడ్రోజన్ వాయువు పుడుతుందన్నది మరొకటి. సోడియం పరమాణు భారం 23, సీసియంది 133. అంటే ఒకే బరువున్న ముక్కల్లో సీసియం పరమాణువులు సోడియంలో ఉన్నవాటిలో ఆరో వంతు కంటే కాస్తే ఎక్కువ, వెలువడే హైడ్రోజన్ కూడా అంతే. సోడియం నీటి మీద తేలుతూ గాలి తగిలేచోట పరుగులు తీస్తే, నీటి కంటే దాదాపు రెండింతలు సాంద్రత గల సీసియం మునిగిపోతుంది. పట్టిక చెప్పినదానికీ తొట్టెలో జరిగినదానికీ మధ్య ఉన్న ఈ తేడాయే అసలు పాఠం. దాన్ని మందుగుండుతో కప్పేసి, ప్రేక్షకుడి అపోహకే ముద్ర వేసి పంపించారు. హాస్యం పరంగా చూసినా అది నష్టమే: అంత ఆర్భాటం చేశాక లోహం చప్పున చల్లారిపోవడం కంటే మంచి జోకు ఆ కార్యక్రమానికి దొరికేది కాదు.

అద్దాలతో సూర్యకాంతిని మళ్లించి ఆర్కిమెడిస్ శత్రు నౌకలను తగలబెట్టాడన్న కథను అమెరికాలోని ‘మిత్‌బస్టర్స్’ అనే టీవీ కార్యక్రమ బృందం మూడుసార్లు పరీక్షించింది, చివరిసారి 2010లో, సాక్షాత్తూ అధ్యక్షుడు ఒబామా కోరిక మీద. మూడుసార్లూ కథ నిలబడలేదనే తేల్చింది. ఓడకు నిప్పంటించడం వారికి చేతకాని పని కాదు. అయినా ఆ పని చేయలేదు.

మన ఊళ్లలో నీళ్లు చిలకరించి కొబ్బరికాయను మండించే ‘మహిమ’ ఒకటుంది. పీచులో ముందే దాచిన సోడియం ముక్క నీరు తగలగానే అంటుకుంటుంది. హేతువాదులు, జన విజ్ఞాన వేదిక వంటి సంస్థల కార్యకర్తలు ఇలాంటి మహిమలను మొదట బాబాల పద్ధతిలోనే చేసి చూపి, జనం నోరు తెరిచాక గుట్టు విప్పుతారు. దాచడం ఇద్దరూ చేస్తారు. గుట్టు విప్పడం దగ్గరే బాబాకూ కార్యకర్తకూ తేడా వస్తుంది. సీసియం విషయంలో బ్రెయినియాక్ బాబా వైపు నిలబడింది.

నిజానికి క్షార లోహం నీటిని తాకినప్పుడు ఏం జరుగుతుందన్న ప్రశ్న అప్పటికింకా పూర్తిగా తేలలేదు. పుట్టిన ఆవిరి, హైడ్రోజన్ పొరలా అడ్డుపడి చర్యను ఆపేయాలి కదా, మరి పేలుడు ఎలా సాగుతుంది? చెక్ శాస్త్రవేత్త పావెల్ యుంగ్‌విర్త్ బృందం సోడియం-పొటాషియం మిశ్రమ లోహపు బొట్టును నీటిలో వేసి, అతివేగ కెమెరాతో చిత్రీకరించి, 2015లో జవాబు ప్రచురించింది. ఎలక్ట్రాన్లు ఒక్కసారిగా నీటిలోకి వెళ్లిపోవడంతో ధనావేశం మిగిలిన లోహం తనను తానే వికర్షించుకుంటుంది; మిల్లీసెకను కూడా గడవకముందే ఆ బొట్టు నుంచి ముళ్లలాంటి లోహపు కొనలు నీటిలోకి దూసుకువచ్చి, తాజా లోహాన్ని నీటికి తాకిస్తూ చర్యను సాగనిస్తాయి.