రక్షణకు కట్టిన ధర: సోమశిల రేవు నుంచి నాటో దాకా

హైదరాబాద్ సంస్థానం భారత్‌లో కలిసిన సెప్టెంబర్ 17ను మనం పార్టీకో పేరు పెట్టి జరుపుకుంటాం. 2025లో సరిగ్గా ఆ రోజే రియాద్‌లో సౌదీ అరేబియా, పాకిస్తాన్ రక్షణ ఒప్పందం మీద సంతకాలు చేశాయి. ఒకరి మీద దాడి జరిగితే ఇద్దరి మీదా జరిగినట్టేనన్నది అందులో అసలు మాట. టీవీల్లో హడావుడి సరే, గల్ఫ్‌లో మనిషి ఉన్న ప్రతి ఇంట్లో టెన్షన్ మొదలైంది. రేపు పాకిస్తాన్‌తో గొడవొస్తే అక్కడ మనవాళ్ల గతేంటని.

ఇలాంటి ఒప్పందాల్లో దాడి గురించిన ఆ ఒక్క వాక్యాన్నే అందరూ చదువుతారు. నన్నడిగితే అది చివర్న చదివినా నష్టం లేదు. ముందు చూడాల్సినవి వేరే ఉన్నాయి. సైన్యం ఎవరిది, ఎక్కడ మకాం వేస్తుంది, జీతాలు ఎవరి ఖజానా నుంచి పోతాయి, కదలమని చెప్పేది ఎవరు? దక్షిణ తెలంగాణ ఈ లెక్కను నూటయాభై ఏళ్లు కట్టింది.

కొల్లాపూర్ దాటి సోమశిల రేవులో నిలబడితే కృష్ణకు అవతలి గట్టు ఆంధ్రప్రదేశ్. పడవల మీద రాకపోకలున్నాయి, చుట్టరికాలూ ఉన్నాయి. అయినా ఆ నది రెండు పాలనల మధ్య హద్దుగా మారింది 1800లో. యుద్ధంలో ఓడిపోయి కాదు, మిత్రుడి సైన్యానికి జీతం కింద.

కథ అంతకు ఐదేళ్ల ముందు మొదలైంది. 1795లో ఖర్దా దగ్గర మరాఠాలు నిజాం అలీఖాన్‌ను ఓడించారు. ఈస్టిండియా కంపెనీ తనకు స్నేహితుడని నిజాం నమ్మకం. గవర్నర్ జనరల్ జాన్ షోర్ మాత్రం తటస్థమన్నాడు. ఒళ్లు మండిన నిజాం ఫ్రెంచి సేనాని రేమండ్ దళాన్ని పెంచుకున్నాడు. 1798లో కొత్త గవర్నర్ జనరల్ వెల్లస్లీ వచ్చి బేరం పెట్టాడు: ఫ్రెంచివాళ్లను పంపెయ్, మా ఆరు పటాలాలు పెట్టుకో, ఏటా 24,17,100 రూపాయలు కట్టు. నిజాం ఒప్పుకున్నాడు. 1800 అక్టోబర్‌లో సైన్యం ఇంకా పెరిగింది. ఈసారి డబ్బుకు బదులు భూమి అడిగారు. టిప్పు మీద జరిగిన రెండు యుద్ధాల్లో, 1792లోనూ 1799లోనూ నిజాం వాటాకు వచ్చిన ప్రాంతాలన్నీ కంపెనీకి పోయాయి. అవే దత్త మండలాలు, నేటి రాయలసీమలో చాలా భాగం. కంపెనీతో కలిసి గెలుచుకున్నది కంపెనీ చేతికే పోయింది. పైగా ఇతర రాజ్యాలతో సొంతంగా మాట్లాడుకునే హక్కు కూడా పోయింది. నాకైతే భూమికన్నా ఇదే పెద్ద నష్టం అనిపిస్తుంది.

అక్కడితో ఆగితే బాగుండేది. తర్వాత హైదరాబాద్ కాంటింజెంట్ పేరుతో మరో సైన్యం తయారైంది. ఖర్చు నిజాంది, అధికారులు ఇంగ్లీషువాళ్లు. ఆ జీతాల కోసం నిజాం ఖజానా వ్యవహారాలు చూసే పేష్కార్ చందూలాల్ వడ్డీ వ్యాపారుల దగ్గర అప్పులు తెచ్చాడు, జిల్లాల శిస్తు వసూలును ఎక్కువ పాడినవాడికి అప్పజెప్పాడు. పాడుకున్నవాడు పెట్టుబడి ఎక్కడ రాబట్టుకుంటాడు? రైతు దగ్గరే. బాకీ తీరలేదని 1853లో బీరారుతో (నేటి మహారాష్ట్రలోని విదర్భ వైపు) పాటు మన నడిగడ్డను, అంటే గద్వాల ప్రాంతాన్ని, ఆనుకుని ఉన్న రాయచూరు అంతర్వేదిని (కృష్ణా తుంగభద్రల మధ్య నేలను) కూడా కంపెనీ పట్టుకుంది. రాయచూరు 1860లో తిరిగొచ్చింది, బీరారు మాత్రం మళ్లీ నిజాం పాలనలోకి రానేలేదు.

ఇందులో చరిత్ర పుస్తకాలు తక్కువగా చెప్పే సంగతి ఒకటుంది. బయటి సైన్యం అండగా ఉన్న రాజుకు ఊళ్లతో పనుండదు. జనం తిరగబడితే భయపడి సర్దుకునే అవసరం తగ్గిపోతుంది. నల్లగొండ పల్లెల్లో వెట్టి అంతకాలం నడవడానికి దొరల బలం ఒక్కటే కారణం కాదు. ఆ దొరల వెనక నిజాం, నిజాం వెనక బ్రిటిష్ పటాలం ఉన్నాయి.

మరి ఇంత కట్టాక అవసరానికి ఆ అండ పనికొచ్చిందా? మొదటి ప్రపంచ యుద్ధంలో ఉస్మాన్ అలీఖాన్ బ్రిటన్‌కు ధారాళంగా డబ్బిచ్చి, 'నమ్మకమైన మిత్రుడు' అన్న బిరుదు పొందాడు. 1947లో అదే బ్రిటన్ పార్లమెంటు ఒక చట్టంతో సంస్థానాలతో ఉన్న ఒప్పందాలన్నీ ముగిసిపోయాయని తేల్చేసింది. 1948 సెప్టెంబర్ 13న విజయవాడ వైపు నుంచి భారత సైన్యం కోదాడ, మునగాల మీదుగా కదిలింది. సూర్యాపేట దగ్గర నిజాం సైన్యం వెనక్కి తగ్గుతూ మూసీ వంతెన పేల్చేసింది గానీ, దానికి కాపలా కాసే కాల్పులు కూడా లేకపోవడంతో భారత సైన్యం త్వరగానే బాగుచేసుకుంది. ఇప్పుడు బస్సులు టిఫిన్‌కు ఆగే నార్కట్‌పల్లిలో రజాకార్లు దెబ్బతిన్నారు. హైదరాబాద్ ఫిర్యాదును పారిస్‌లో ఐక్యరాజ్యసమితి భద్రతామండలి చర్చకు తీసుకున్నది 16న. 17న నిజాం చేతులెత్తేశాడు. ఆయన ఓడిపోవడం మన ప్రాంతానికి మేలే. అయినా మిత్రుడు రాలేదన్నది నిజం.

అన్ని కూటములూ ఇంతేనా అంటే, కాదు. అమెరికా, యూరప్ దేశాల రక్షణ కూటమి నాటో 1949లో 12 దేశాలతో మొదలైంది, అందులో ఇప్పుడు 32 ఉన్నాయి. ఉక్రెయిన్ యుద్ధం చూశాక ఫిన్లాండ్, స్వీడన్ తమంతట తామే వెళ్లి చేరాయి. అక్కడ చిన్న దేశానికీ బల్ల దగ్గర కుర్చీ ఉంది, నిజాంకు అది లేదు. అయితే ఒకరి మీద దాడి అందరి మీదా దాడేననే నాటో అయిదో అధికరణం కూడా యుద్ధానికి దిగి తీరాలనదు. తనకు అవసరమనిపించిన చర్య ప్రతి దేశం తీసుకోవాలంటుంది, అంతే. ఇన్నేళ్లలో దాన్ని వాడింది ఒక్కసారే, 2001లో, అదీ అందరికన్నా బలమైన అమెరికా మీద దాడి జరిగినప్పుడు.

పశ్చిమాసియాలో అమెరికా అతిపెద్ద సైనిక స్థావరం ఖతార్‌లో ఉంది. 2025 సెప్టెంబర్ 9న దోహా మీద ఇజ్రాయెల్ బాంబులు వేసింది. స్థావరం ఉన్నా ఆపలేదు. ఎనిమిది రోజులకే సౌదీ పాకిస్తాన్ వైపు చూసిందంటే ఆశ్చర్యమేముంది? పాకిస్తాన్‌కూ ఈ అనుభవం కొత్తది కాదు. అమెరికా కూటముల్లో ఉండి కూడా 1965లో, 1971లో ఒంటరిగానే పోరాడింది.

అందుకే మనం ఎవరి కూటమిలోనూ చేరకపోవడాన్ని పిరికితనంగా చూసే విశ్లేషకులతో నాకు పొత్తు కుదరదు. 1971 ఆగస్టు 9న సోవియట్ యూనియన్‌తో మనం చేసుకున్న ఒప్పందాన్నే చూడండి. దాడి జరిగినా, ముప్పు వచ్చినా వెంటనే సంప్రదించుకుని తగిన చర్యలు తీసుకోవాలని అందులో ఉంది, కలిసి యుద్ధం చేసి తీరాలని లేదు. వాళ్ల పటాలం మన నేల మీదికి రాలేదు, జీతాలు మనం కట్టలేదు. ఆ ఏడాది చివర్లో అమెరికా నౌకాదళం బంగాళాఖాతంలోకి వచ్చినప్పుడు ఆ మాత్రం అండే సరిపోయింది.

కానీ ఒక లోటు అప్పుడూ ఉంది, ఇప్పుడూ ఉంది. అమెరికాలో ఇలాంటి సంధికి సెనేట్‌లో మూడింట రెండు వంతుల మద్దతు కావాలి. మన దగ్గర ప్రభుత్వం సంతకం పెడితే చాలు, పార్లమెంటు ఆమోదం తప్పనిసరి కాదు. చైనా భయంతో రేపు ఢిల్లీ ఏ దేశంతోనైనా పరస్పర రక్షణకు ఒప్పుకుంటే, సైన్యంలో ఉన్న పాలమూరు పిల్లలు ఎవరి సరిహద్దులో నిలబడాలో నిర్ణయమైపోతుంది. మన మహబూబ్‌నగర్, నాగర్‌కర్నూల్, నల్లగొండ ఎంపీలకు ఓటేసే అవకాశం కూడా ఉండదు. రక్షణ సంధులను ఉభయ సభల్లో చర్చించి ఓటింగ్‌కు పెట్టాలన్న చట్టం కోసం ఈ ముగ్గురిలో ఒకరైనా ప్రైవేటు బిల్లు (మంత్రి కాని ఎంపీ సొంతంగా పెట్టేది) పెట్టొచ్చు.