ఓటుకి ముందు ఆరు పెన్నీలు, ఓటు పడ్డాక గిన్నెల మీద పన్ను

ఆర్థిక శాస్త్రం పుస్తకాల్లో కీన్స్ గారికి చోటుంది, ఫ్రీడ్‌మన్ గారికి చోటుంది, కానీ 1951 నుంచి 1974 దాకా బ్రిటన్ కన్జర్వేటివ్ పార్టీ ఆర్థిక మంత్రులు ఒకరి తర్వాత ఒకరు కష్టపడి నిలబెట్టిన సిద్ధాంతానికి మాత్రం దక్కాల్సిన గౌరవం దక్కలేదని నా బాధ. ఆ సిద్ధాంతం ఏంటంటే, దేశానికి జ్వరం రావడం, తగ్గడం అనేవి ఎలక్షన్ తేదీని బట్టి ఉంటాయి. ఎలక్షన్ దగ్గర పడుతుంటే దేశం పిల్లాడిలా గెంతుతూ ఉంటుంది కాబట్టి పన్ను తగ్గించొచ్చు, ఓట్లు లెక్కపెట్టడం అయిన ఐదారు నెలలకి థర్మామీటర్ పెడితే పాపం నూట మూడు, ఇంక పన్ను పెంచక తప్పదు. అప్పటి పేపర్ల వాళ్ళు దీన్ని స్టాప్-గో అని ఎగతాళి చేశారు గానీ, పంచాంగం చూడకుండా మంచి పని మొదలుపెట్టకూడదని తెలిసిన మనలాంటి వాళ్ళకి అందులో ఎగతాళి చేయాల్సింది ఏముందో అర్థం కాదు.

మొదట చేసి చూపించింది రాబ్ బట్లర్ గారు. పుట్టింది అటక్‌లో, అంటే అప్పటి బ్రిటిష్ పంజాబ్, ఇప్పటి పాకిస్తాన్, వాళ్ళ నాన్న ఐసీఎస్ ఆఫీసరు. ఎంత పెద్దమనిషి అంటే ప్రతిపక్షంలో ఉన్న లేబర్ నాయకుడు గైట్‌స్కెల్ పాలసీకీ ఈయన పాలసీకీ తేడా కనిపించక 1954లో ఎకానమిస్ట్ పత్రిక ఇద్దరి పేర్లూ కలిపేసి మిస్టర్ బట్స్కెల్ అని లేని మనిషినొకణ్ణి పుట్టించింది. సరే, 1955 ఏప్రిల్ బడ్జెట్‌లో ఆర్థిక మంత్రి బట్లర్ గారు ఇన్‌కమ్ టాక్స్‌ని (అప్పట్లో పౌండుకి 20 షిల్లింగులు, షిల్లింగుకి 12 పెన్నీలు) పౌండుకి 9 షిల్లింగుల నుంచి 8 షిల్లింగుల 6 పెన్నీలకి దించారు. మే 26న ఎలక్షన్. 17 సీట్లున్న మెజారిటీ 60 దాకా వెళ్ళింది. అక్టోబర్ వచ్చేసరికి పౌండు బలహీనంగా ఉందనీ జనం మరీ ఎక్కువ కొనేస్తున్నారనీ ఆయనకి తెలిసొచ్చి ఇంకో బడ్జెట్ పెట్టారు, కొనుగోలు పన్ను పెంచారు, అప్పటిదాకా పన్ను లేని వంటింటి సామాన్ల మీద కూడా వేశారు. దానికి పాట్స్ అండ్ పాన్స్ బడ్జెట్ అని పేరు పడిపోయింది. అంటే ఏప్రిల్‌లో మొగుడి జీతంలో మిగిలిన ఆరు పెన్నీలు అక్టోబర్‌లో పెళ్ళాం కొన్న మూకుడు దగ్గర వసూలయ్యాయి, ఇంతకంటే కుటుంబ విలువలు తెలిసిన పార్టీ ఇంకోటి ఉంటుందా చెప్పండి. డిసెంబర్‌కి బట్లర్ గారి పదవి పోయింది. ఆ తర్వాత రెండుసార్లు ప్రధాని అవుతాడని అందరూ అనుకున్నారు, రెండుసార్లూ అవలేదు.

తర్వాత వచ్చింది హెరాల్డ్ మాక్మిలన్. 1956 బడ్జెట్‌లో ప్రీమియం బాండ్లు తెచ్చాడు, వడ్డీ ఉండదు, అసలు ఎక్కడికీ పోదు, నెలనెలా డ్రా తీస్తారు, తగిలినోడికి ప్రైజు. పొదుపు ఉద్యమం అన్నాడు. ప్రతిపక్ష లేబర్ ఎంపీ హెరాల్డ్ విల్సన్ లేచి ఇది దిక్కుమాలిన లాటరీ అని తిట్టిపోశాడు, ఆ తర్వాత తనే మొత్తం మీద ఎనిమిదేళ్ళ దగ్గర దగ్గర ప్రధానిగా చేశాడు, డ్రా మాత్రం ఆపలేదు. గెలిచే నంబర్లు తీసే మిషన్‌కి ఎర్నీ అని ముద్దు పేరు కూడా పెట్టారు. ఈ లిస్టులో ఉన్న మంత్రులందరి కంటే ఎక్కువ కాలం ఉద్యోగం చేసింది అదే, తీసేయమని అడిగినోడు లేడు.

అదే ఏడాది సూయజ్. ఈజిప్టు అధ్యక్షుడు నాసర్ సూయజ్ కాలవని జాతీయం చేస్తే కేబినెట్‌లో అందరికంటే గట్టిగా యుద్ధం యుద్ధం అన్నది ఖజానా చూసుకునే ఈ మాక్మిలనే. తీరా సైన్యం దిగాక పౌండు మీద ఒత్తిడి మొదలైంది, అప్పు కోసం అంతర్జాతీయ ద్రవ్య నిధి ఐఎంఎఫ్ దగ్గరికి వెళ్దామంటే ముందు కాల్పులు ఆపండి, డబ్బు సంగతి తర్వాత అని అమెరికా తలుపేసేసింది. అప్పుడు ఆగిపోదాం అని అందరికంటే గట్టిగా అన్నది కూడా ఈయనే. ముందు దూకింది నువ్వే, ముందు పారిపోయింది నువ్వే అని విల్సన్ ఎత్తిపొడిచాడు గానీ నన్నడిగితే అది అకౌంటింగ్ పద్ధతి, పెట్టుబడి ఎంత తొందరగా పెట్టామో అంత తొందరగా వెనక్కి తీసుకోవడం. దీనికి శిక్షగా ఆయన్ని ప్రధానమంత్రిని చేశారు. ఆ ఎంపిక ఎలా జరిగిందో వినాలి. ఓటింగ్ లేదు, ఏమీ లేదు, 1957 జనవరిలో పార్టీ పెద్ద ముసలి లార్డ్ సాలిస్‌బరీ ఒక గదిలో కూర్చుని ఒక్కో మంత్రినీ పిలిచి రాబా, హెరాల్డా అని అడిగాడు, ఆయనకి ర పలకదు కాబట్టి అది వాబా, హావొల్డా అని వినపడింది. మంత్రులు నవ్వు ఆపుకుని హావొల్డ్ అన్నారు. ఐపోయింది. ప్రపంచానికి ప్రజాస్వామ్యం నేర్పిన దేశం కదా.

ఇక్కడ సిద్ధాంతానికి ఒక మచ్చ తగిలింది, దాచను. మాక్మిలన్ వేసుకున్న ఆర్థిక మంత్రి పీటర్ థార్నీక్రాఫ్ట్ లెక్కలు సీరియస్‌గా తీసుకునే రకం. 1957 సెప్టెంబర్‌లో బ్యాంక్ రేట్‌ని, అంటే అక్కడి సెంట్రల్ బ్యాంకు వడ్డీ రేటుని, 7 శాతానికి ఎత్తేశాడు, మరుసటి ఏడాది ప్రభుత్వ ఖర్చు పైసా పెరగకూడదన్నాడు. బేరాలన్నీ అయ్యాక తేడా 5 కోట్ల పౌండ్ల దగ్గర ఆగింది. దేశం బడ్జెట్లో అదెంత, చిల్లర. సర్దుకుపో అన్నారు. సర్దుకోలేదు, 1958 జనవరి 6న రాజీనామా ఇచ్చాడు, కింద ఉన్న జూనియర్ మంత్రులు ఇద్దరూ, ఈనాక్ పావెల్, నైజెల్ బర్చ్, ఆయనతోపాటే వెళ్ళిపోయారు. ఆర్థిక శాఖ మొత్తం ఖాళీ. మర్నాడు మాక్మిలన్ లండన్ ఎయిర్‌పోర్ట్‌లో నిలబడి ఇవన్నీ చిన్న చిన్న లోకల్ ఇబ్బందులు అనేసి కామన్వెల్త్ టూర్‌కి విమానం ఎక్కేశాడు. మొదటి మజిలీ మన ఢిల్లీ. పదవిలో ఉండగా ఇండియాకి వచ్చిన మొదటి బ్రిటిష్ ప్రధాని ఈయనే, వెనకాల ఖజానా తలుపులు బార్లా తెరిచి వచ్చాడన్న సంగతి ఇక్కడ దండలేసిన వాళ్ళలో ఎంతమంది పట్టించుకున్నారో. ఎలక్షన్‌కి ఇంకా రెండేళ్ళు కూడా లేని టైంలో ఖర్చు తగ్గించాలనుకోవడం థార్నీక్రాఫ్ట్ అమాయకత్వం, అంతే.

మచ్చ వెంటనే తుడిచేశారు. హీత్‌కోట్-ఏమరీ గారొచ్చారు. బడ్జెట్ ప్రసంగం చదివేటప్పుడు ఆర్థిక మంత్రికి మాత్రం సభలో మందు తాగే హక్కుంది అక్కడ, ఆ ఆచారం ప్రకారం ఈయన తీసుకున్నది పాలు, తేనె, రమ్ము కలిపిన గ్లాసు. నేను దీన్ని ఊరికే చెప్పట్లేదు, ఆయన పాలసీ మొత్తం ఆ గ్లాసులోనే ఉంది. 1959 ఏప్రిల్‌లో ఇన్‌కమ్ టాక్స్ ఏకంగా 9 పెన్నీలు తగ్గించాడు, పింట్ బీరు మీద 2 పెన్నీలు తగ్గించాడు. అక్టోబర్ 8న ఎలక్షన్, మెజారిటీ వంద. మనూళ్ళో ఎలక్షన్ ముందు రోజు రాత్రి క్వార్టర్ సీసాలు పంచేవాళ్ళు గమనించాల్సిన విషయం, వీళ్ళు అదే పని పార్లమెంటులో నిలబడి చట్టప్రకారం చేశారు, ఏ ఎలక్షన్ స్క్వాడ్ పట్టుకుంటుంది. 1960 వచ్చేసరికి దిగుమతులు పెరిగిపోయి లెక్క తిరగబడింది, ఏమరీ గారు వైకౌంట్ బిరుదు తీసుకుని ప్రశాంతంగా ఇంటికెళ్ళారు.

జ్వరం దించే డ్యూటీ సెల్విన్ లాయిడ్ మీద పడింది. నిజంగా జాలేస్తుంది ఈయన్ని తల్చుకుంటే. 1961 జులైలో బ్యాంక్ రేట్ 7, జీతాల పెంపు బంద్, దానికి పే పాజ్ అని పేరు. నర్సులకి, టీచర్లకి కోపం. 1962 ఏప్రిల్‌లో మిఠాయిలు, ఐస్‌క్రీములు, కూల్‌డ్రింకుల మీద 15 శాతం పన్ను, దాంతో ఓటు లేని పిల్లలకి కూడా కోపం. మార్చిలోనే ఆర్పింగ్టన్ ఉప ఎన్నికలో కంచుకోట లాంటి సీటు లిబరల్స్ ఎత్తుకుపోయారు. మాక్మిలన్ కంగారుపడ్డాడు. ఆర్థిక మంత్రిని మారుస్తున్నారన్న సంగతి మన పాత బట్లర్ గారు ఒక పత్రిక యజమానితో లంచ్ చేస్తూ నోరు జారాడు, జులై 12న డైలీ మెయిల్‌లో వచ్చేసింది, ఇంక ఆగలేక ఆ సాయంత్రమే లాయిడ్‌ని పిలిచి పంపించేశారు, మర్నాటికి మిగతా ఆరుగురు. కేబినెట్‌లో మూడో వంతు. స్నేహితుల కోసం ప్రాణమిచ్చినవాణ్ణి బైబిల్ పొగుడుతుంది, మాక్మిలన్ తన ప్రాణం కోసం స్నేహితుల్ని ఇచ్చాడు అని లిబరల్ ఎంపీ జెరెమీ థార్ప్ అన్నది అప్పుడే. నైజెల్ బర్చ్ గుర్తున్నాడుగా, ఆయన టైమ్స్‌కి రెండు ముక్కల ఉత్తరం రాశాడు: ఖర్చు అదుపులో పెట్టాలని చూసిన ఆర్థిక మంత్రిని ప్రధాని వదిలించుకోవడం ఇది రెండోసారి, ఒక్కసారే ఎక్కువ అని. లాయిడ్ పెంచుకున్న నల్ల లాబ్రడార్ ప్రధాని విడిది చెకర్స్‌లోనే ఉండిపోయింది, కొత్త మంత్రులు అక్కడ మీటింగ్‌కి చేరినప్పుడు అది ఒక్కొక్కరి కాళ్ళూ వాసన చూస్తూ యజమాని కోసం వెతుక్కుంటూ తిరిగిందట, మాక్మిలన్ చూడనట్టే ఊరుకున్నాడట. కుక్కకి పంచాంగం తెలీదు మరి.

లాయిడ్ కుర్చీలోకి వచ్చిన మాడ్లింగ్ గారి గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు. ఎలక్షన్ వస్తోంది, యాక్సిలరేటర్ నొక్కాడు, ఏడాదికి 4 శాతం వృద్ధి అన్నాడు. పైన ప్రధాని సీట్లో కొత్తగా వచ్చిన డగ్లస్-హోమ్, ఎకనామిక్స్ కాగితాలు చదవాలంటే నాకు అగ్గిపుల్లలు పక్కన పెట్టుకుని లెక్కేసుకోవాలి అని అంతకు ముందే ఇంటర్వ్యూలో ఒప్పుకున్న మహానుభావుడు. 1964 అక్టోబర్‌లో కేవలం నాలుగు సీట్ల మెజారిటీతో లేబర్ గెలిచింది, విదేశీ చెల్లింపుల లోటు దాదాపు 80 కోట్ల పౌండ్లని అంచనా తేలింది. ఇల్లు ఖాళీ చేస్తూ మాడ్లింగ్ కొత్త మంత్రి కాలహన్ గదిలోకి తొంగి చూసి, సారీ అబ్బాయ్, ఇలా వదిలేసి వెళ్తున్నందుకు, అని టోపీ తీసుకుని వెళ్ళిపోయాడని చెప్పుకుంటారు. అప్పజెప్పడంలో అంత నిజాయితీ ఈ రోజుల్లో ఏ సర్పంచ్ దగ్గర చూశాం.

1970లో పార్టీ మళ్ళీ వచ్చింది. మంచి తెలివైనవాడు అనుకున్న మక్లాయిడ్ పదవిలోకి వచ్చిన నెలకే చనిపోయాడు, ఆ కుర్చీలో ఆంథొనీ బార్బర్ కూర్చున్నాడు. 1972లో 120 కోట్ల పౌండ్ల పన్ను తగ్గింపు, టార్గెట్ 5 శాతం వృద్ధి, అప్పులు బార్లా, ఇళ్ళ ధరలు ఆకాశంలో. 1973 ఏప్రిల్ 1న, తేదీ నేను ఎంచుకున్నది కాదు, వ్యాట్ మొదలుపెట్టింది ఈయనే. తర్వాత చమురు ధర పెరిగింది, గని కార్మికులు ఎదురు తిరిగారు, 1974 జనవరి నుంచి కరెంటు లేక ఫ్యాక్టరీలకి వారానికి మూడు రోజులే పని, ఫిబ్రవరి ఎలక్షన్‌లో ఓటమి. సిద్ధాంతంలో తప్పు లేదు, ముహూర్తం తేడా కొట్టింది. దేశం డబ్బుతో ఇంత అనుభవం ఉన్న మనిషిని ఎవరు వదులుకుంటారు, బార్బర్ గారు స్టాండర్డ్ చార్టర్డ్ బ్యాంకుకి ఛైర్మన్ అయ్యారు. అక్కడ ఆయన దగ్గర కొన్నాళ్ళు అసిస్టెంటుగా పనిచేసిన కుర్రాడి పేరు జాన్ మేజర్.

కుర్రాడు బాగానే నేర్చుకున్నాడు. 1992లో ఆయన ప్రధాని, ఆర్థిక మంత్రి లామాంట్, మార్చి బడ్జెట్‌లో 20 శాతం కొత్త స్లాబు పెట్టి ఇన్‌కమ్ టాక్స్ తగ్గించారు, ఏప్రిల్ 9న గెలిచారు, సెప్టెంబర్ 16న పౌండు కూలింది, మరుసటి మార్చిలో ఇళ్ళ కరెంటు, గ్యాస్ బిల్లుల మీద వ్యాట్ ప్రకటించారు, ముందు 8 శాతం, తర్వాత పదిహేడున్నర. 8 పడింది. పదిహేడున్నర మాత్రం పడలేదు, 1994 డిసెంబర్‌లో సొంత పార్టీ ఎంపీలే కొంతమంది అడ్డం తిరిగి సభలో ఓడించారు, బహుశా చలికాలం కాబట్టి.