సవరణ: జీబీఎస్ అంటువ్యాధి కాదు

2025 ఫిబ్రవరిలో ప్రకాశం జిల్లా కొమరోలు మండలం మహిళ గులియన్ బారే సిండ్రోమ్ (జీబీఎస్) అనే నరాల జబ్బుతో గుంటూరు ప్రభుత్వ ఆసుపత్రి (జీజీహెచ్)లో చనిపోయిన విషయం మీద మొన్నటి పోస్టులో, "ఇది నీళ్లు, కోడికూర నుంచి వస్తుంది" అనే వాక్యం ఉంది. చదివినవాళ్లు పేషెంటు ఇంటికి వెళ్లొచ్చా అని అడుగుతున్నారు. నిస్సందేహంగా వెళ్లొచ్చు.

కలుషిత నీళ్లు, సరిగ్గా ఉడకని కోడికూరతో వచ్చేది కాంపిలోబ్యాక్టర్ అనే క్రిమి తెచ్చే విరేచనాలు. అవి తగ్గాక, చాలా కొద్దిమందిలో మాత్రమే, రోగనిరోధక శక్తి క్రిమిని వదిలి సొంత నరాల మీదే పడుతుంది. అదే జీబీఎస్. జలుబు, జ్వరం తర్వాత కూడా రావచ్చు. మనిషి నుంచి మనిషికి అంటదు.

భయపడాల్సింది ఆలస్యానికి. అరికాళ్లలో తిమ్మిర్లు మొదలై, రెండు మూడు రోజుల్లో చెయ్యి ఆనించకుండా కింద నుంచి లేవలేకపోతే ఆగొద్దు. మంచినీళ్లు తాగినా పొలమారుతున్నా, ఒకే ఊపిరిలో ఇరవై దాకా లెక్కపెట్టలేకపోతున్నా ఊపిరి కండరాలకు పాకుతోందేమోనని అనుమానించాలి. గిద్దలూరు, మార్కాపురం వైపువాళ్లు పసరు మందుల కోసం తిరగకుండా, వెంటిలేటర్ ఉన్న పెద్దాసుపత్రికే వెళ్లండి.

"స్టెరాయిడ్ ఇంజెక్షన్ చాలు" అన్న కామెంటు కూడా సరికాదు. జీబీఎస్‌కు స్టెరాయిడ్లు పనిచేయవు. ఇమ్యునోగ్లోబులిన్ (దాతల రక్తం నుంచి తీసిన యాంటీబాడీలు) సాధారణంగా కిలో బరువుకు రోజుకు 0.4 గ్రాముల చొప్పున 5 రోజులు ఎక్కిస్తారు, లేదా ప్లాస్మా మార్పిడి (రక్తంలోని ద్రవ భాగాన్ని తీసి మార్చడం) చేస్తారు. రెండూ సమానంగానే పనిచేస్తాయి. మొదటి రెండు వారాల్లో మొదలుపెడితే ఫలితం బాగుంటుంది. ఎక్కువమంది మళ్లీ నడుస్తారు, కానీ నెలల తరబడి ఫిజియోథెరపీ కావాలి.