అనునాకీలు తవ్వించింది కాలువలు, బంగారం కాదు

మళ్లీ అదే ఫార్వర్డ్, ఈసారి మూడు గ్రూపుల్లో: "నిబిరు గ్రహం నుంచి అనునాకీలు దిగి, బంగారం తవ్వించుకోడానికి మనిషిని తయారుచేశారు. సుమేరియన్ పలకల్లో రాసి ఉంది. ముద్ర మీద 12 గ్రహాలున్నాయి. దేవుళ్ల చేతుల్లో హ్యాండ్‌బ్యాగులు చూడండి. ఇదంతా ఒక్కడే చదవగలిగాడు, మిగతా పండితులు దాచేస్తున్నారు."

హ్యాండ్‌బ్యాగులంటున్న శిల్పాలు సుమేరియన్లవి, అంటే దక్షిణ ఇరాక్‌లోని అతిప్రాచీన నాగరికతవి, కావు. ఉత్తర ఇరాక్‌లోని అసీరియా రాజ్యపు రాజు రెండో అషుర్‌నాసిర్‌పాల్ కోటలోవి, క్రీ.పూ. 9వ శతాబ్దం. అది నీళ్ల బకెట్టు, రెండో చేతిలోది చిలకరించేది. మన పుణ్యాహవాచనం లాంటి తంతు.

నిబిరు బాబిలోన్ దేవుడు మార్దుక్ నక్షత్రం. ముల్-అపిన్ అనే బాబిలోనియన్ ఖగోళ సంకలనం దాన్ని గురుగ్రహమంటుంది. ఫార్వర్డ్‌లో చెప్పిన ముద్ర బెర్లిన్ మ్యూజియంలోని వీఏ 243, దాని మీద రాసున్నది దుబ్సిగ, ఇలి-ఇల్లత్ అనే రెండు పేర్లు, ఒకడు ఇంకొకడి సేవకుడన్న మాట. గ్రహాల ఊసే లేదు.

ఇక బంగారం. మనిషి పుట్టుక కథ అత్రహసీస్ కావ్యంలో ఉంది, క్రీ.పూ. 17వ శతాబ్దంలో ఇపిక్-అయ అనే లేఖకుడు మూడు పలకల మీద, 1245 పంక్తుల్లో నకలు రాశాడు. అందులో అనునాకీలనే పెద్ద దేవుళ్లు ఇగిగీలనే చిన్న దేవుళ్ల చేత చేయించిన పని కాలువలు తవ్వడం. దక్షిణ ఇరాక్ మట్టి నేల, బంగారు గనులే లేవు. నదులు తెచ్చే ఒండ్రుతో కాలువలు పూడిపోతే పంట పోతుంది, అందుకే పూడిక తీత తెగని చాకిరీ. ఇగిగీలు విసిగి పారలూ గంపలూ తగలబెట్టి, అర్ధరాత్రి పెద్ద దేవుడు ఎన్లిల్ ఇంటిని చుట్టుముట్టారు. అప్పుడు ఆ చాకిరీ చేసేందుకు ఒక దేవుణ్ణి చంపి, నెత్తురూ మాంసం బంకమట్టిలో కలిపి, 14 ముద్దలు చేసి, ఏడుగురు మగ, ఏడుగురు ఆడ మనుషుల్ని పుట్టించారు. ఇంత మంచి సమ్మె కథ ఉండగా రాకెట్లు ఎందుకండీ? జనం పెరిగి గోల చేస్తే ఎన్లిల్‌కు నిద్రపట్టక వరద రప్పించాడని కూడా ఉంది. దాన్ని ఎవరూ ఫార్వర్డ్ చేయరు.

"ఒక్కడే చదవగలిగాడు" అని రచయిత జెకరయా సిచిన్ గురించి అన్నది మరీ అన్యాయం. 1857లో రాలిన్‌సన్, హింక్స్, ఓపెర్ట్, టాల్బట్ అనే నలుగురు పండితులు ఒకే అసీరియన్ శాసనాన్ని విడివిడిగా అనువదించి, సీలు వేసి లండన్‌లోని రాయల్ ఏషియాటిక్ సొసైటీకి పంపారు. విప్పి చూస్తే సారం కలిసింది. ఆ చదువును ఎవరైనా నేర్చుకోవచ్చు. షికాగో విశ్వవిద్యాలయం 2011లో పూర్తిచేసిన అక్కాడియన్ (అసీరియన్లు, బాబిలోనియన్ల భాష) నిఘంటువు ఉచితంగా దొరుకుతుంది.

ఒకటి మాత్రం ఒప్పుకోవాలి. వేలాది పలకలు ఇంకా చదవకుండానే మ్యూజియంలలో ఉన్నాయి. చదవగలిగేవాళ్లు తక్కువ, ముక్కలు ఎక్కువ. ఇప్పటిదాకా చదివినవాటిలో అత్యధికం ఎన్ని గొర్రెలొచ్చాయి, ఎవరికెంత బార్లీ ఇచ్చారు అన్న లెక్కలే.