రోసా రొసాల్‌ని ముందు నటిగా తలుచుకుందాం

ఫిలిప్పీన్స్‌లో రోసా రొసాల్ పేరెత్తితే ముందు రెడ్‌క్రాస్, రక్తదానం గుర్తుకొస్తాయి, సినిమాల సంగతి ఆ తర్వాతే. నాకు ఈ వరుస నచ్చదు. ఆమె సేవ చిన్నదని కాదు. 1950 నుంచి దశాబ్దాలపాటు రక్తం కోసం తిరిగిన మనిషి, 1999లో రామన్ మెగసెసే అవార్డు అందుకుంది (మన శాంతా సిన్హాకు 2003లో వచ్చింది కూడా ఇదే). కానీ అంత గొప్ప నటనని ఆ సేవకి ముందుమాటలా చూస్తే ఎలా?

1945 ఫిబ్రవరిలో మనీలా కోసం జరిగిన పోరులో దాదాపు లక్షమంది మామూలు జనం చనిపోయారు. ఇంట్రామురోస్ అనే పాత కోట నగరం శిథిలమైపోయింది. యుద్ధం ముగిశాక స్టూడియోలు మళ్లీ నిలదొక్కుకున్నప్పుడు 1928లో పుట్టిన రోసా ఎల్‌విఎన్ సంస్థలో చేరింది. డోన్యా సిసాంగ్ అని అందరూ పిలిచే పెద్దావిడ నడిపిన స్టూడియో అది. అక్కడ రోసాకి ఎక్కువగా ఇచ్చింది వ్యాంప్ వేషాలే. హీరోయిన్ అంటే తల వంచుకుని ఉండాలి, సూటిగా చూసే ఆడదైతే కాపురాలు కూల్చేదే అయ్యుండాలి అనే లెక్క మనకీ తెలిసిందేగా.

ఆ లెక్క తప్పని చూపించింది దర్శకుడు లాంబెర్టో అవెల్యానా. 1956లో 'అనాక్ దాలిత' తీసినప్పుడు ఆయన రోసాకి ఇచ్చింది పైకి చూస్తే పాత తరహా పాత్రే: సీటా, నైట్‌క్లబ్బులో బతుకు వెళ్లదీసే అమ్మాయి. కొరియా యుద్ధం నుంచి తిరిగొచ్చిన సైనికుడిగా టోనీ సాంటోస్ చేశాడు. ఇద్దరి చుట్టూ ఇంట్రామురోస్ శిథిలాలు, వాటిలోనే గుడిసెలు వేసుకున్న పేదలు. అక్కడ సీటా ఎవరినో చెడగొట్టడానికి వచ్చినదానిలా అనిపించదు, యుద్ధం తర్వాత ఆ ఊళ్లో ఇంకో దారి దొరకని మనిషిలా కనిపిస్తుంది, రోసా కూడా ఆమెకోసం జాలి అడుక్కోదు, సిగ్గుపడదు, వ్యాంప్ వేషాలతో వచ్చిన ఆ సూటి చూపునే ఇక్కడ ఆత్మగౌరవంగా మార్చేస్తుంది. ఆ ఏడాది హాంకాంగ్‌లో ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ చిత్రం ఇదే.

మూడేళ్లకి మాన్యుయెల్ సిలోస్ తీసిన 'బియాయా నంగ్ లుపా'లో అదే టోనీ సాంటోస్ పక్కన పల్లెటూరి ఇల్లాలు మరియాగా చేసింది. భర్త పోయాక పిల్లల్నీ, ఇద్దరూ కలిసి నాటిన లాంజోనెస్ పండ్ల తోటనీ కాపాడుకునే ఆ తల్లిని చూస్తే, ఈమెని ఇన్నేళ్లు వ్యాంప్ అని ఎలా కట్టిపడేశారా అని కోపమొస్తుంది. 1961కల్లా ఎల్‌విఎన్ సినిమాలు తీయడం ఆపేసింది, అలాంటి పాత్రలు రాసే చోటే పోయింది.

ఫిలిప్పీన్స్ సినిమా అవార్డులైన ఫామాస్‌లో ఉత్తమ నటి అవార్డు ఆమెకి 1955 నాటి 'సన్నీ బాయ్'కి వచ్చింది. నన్నడిగితే అది మరియాకి రావాల్సింది.